లాంతరు దించాలి

లాంతరు గాజు లోపల వేళ్లు తిప్పుతోంది చిన్నకోడలు.

బూడిద. పాత గుడ్డ. ఒక చుట్టు... ఇంకో చుట్టు. మసి వదులుతోంది.

పెరటి అరుగు మీద రెండు లాంతర్లు. ఒకటి బావగారిది. రెండోది ఇంటిది. పొద్దు ఇప్పుడే కుంకింది. కరెంటు ఎప్పటిలాగే అంతకు ముందే పోయింది.

ఢాం!

గాజు చేతిలోంచి జారింది. ఒళ్లో పడింది కాబట్టి బతికింది.

వెంటనే విజిల్. పొడుగ్గా, ఊపిరి తీసుకోకుండా. అది బావగారి విజిల్.

టవరు మీద మైకు గరగరలాడుతోంది.

"ఎవరదీ...?"

చిన్నకోడలు గోడ మీంచి చూస్తుంది. కంచె అవతల పొలాల్లో దీపాలు ఎక్కడివక్కడ ఆగిపోయాయి. అన్నిటికన్నా ముందున్నది కూరగాయలామెది. ఆ దీపం మెల్లగా కిందికి దిగుతోంది. నేలను తాకింది. అక్కడే ఉండిపోయింది.

"పో!"

దీపం మళ్లీ లేచింది. మోకాలెత్తున ఊగుతూ గేటు వైపు వచ్చేసింది.

ఈ ఊళ్లో బతకాలంటే ఇదొక్కటి తెలిస్తే చాలు. కంచె అవతలికి వెళితే చేతిలో లాంతరు ఉండాలి. టార్చి కుదరదు. టార్చిని టకటకా నొక్కితే సైగ అవుతుందట! 'ఎవరది' అంటే లాంతరు నేలకు దించాలి. నోటితో చెప్పి లాభం లేదు. జనరేటరు హోరులో పైవాళ్లకు ఏమీ వినపడదు. ఆ టవరుకు నోరుంది. చెవుల్లేవు.

వెనక గడ్డివాము కదిలింది.

చిన్నకోడలు చేయి కొడవలి మీదికి పోయింది.

"అక్కా..."

కొడవలి ఆగిపోయింది.

"అక్కా, నేనే! అరవకు..."

ఒళ్లంతా బురద. మోచెయ్యి చీరుకుపోయి రక్తం. గడ్డం పెరిగిన మొహం ఎవరిదో పోల్చుకోలేకపోయింది. ఆ పిలుపు మాత్రం పోల్చుకుంది. పెళ్లిలో ఆమె చెప్పులు దాచి, ఇవ్వనని ఏడిపించిన పిల్లవాడి పిలుపు.

"తమ్ముడూ...!"

"లావయ్యావే!" అంటూ నవ్వబోయాడు వాడు. పళ్లు టకటకా కొట్టుకుంటున్నాయి.

"నోర్ముయ్! ఎలా వచ్చావురా? ఇటువైపుకి ఎలా వచ్చావు?"

"వాగు తూములోంచి. కంచె కింద నుంచి పాకి వచ్చాను."

"పిచ్చి పట్టిందా? చంపేస్తారు!"

"అక్కడున్నా చంపేస్తారక్కా."

* * *

ఒకప్పుడు ఇదంతా ఒకే ఊరు.

ఒకే బావి. ఒకే బడి. పై వీధి వాళ్లు కింది వీధి వాళ్లను వెక్కిరించుకోవడం తప్ప మరో గొడవ లేదు. ఎవరో ఎక్కడో కూర్చుని గీత గీశారు. ఆ గీత బడికీ బావికీ మధ్య నుంచి పోయింది. మొదట సున్నం కొట్టిన రాళ్లు పాతారు. పిల్లలు వాటి మీద కూర్చుని జామకాయలు తిన్నారు. తర్వాత రెండు టవర్లు లేచాయి, అటొకటి ఇటొకటి. తమ మనుషులెవరో, అవతలివాళ్లెవరో పైనుంచి తెలియాలి కదా! అటు వాళ్లకు ఒక రూలు పెట్టారు, పిలిస్తే లాంతరు తల మీదికి ఎత్తాలని. ఇటు వాళ్లకు దించాలని పెట్టారు.

అప్పటికింకా దారి తెరిచే ఉంది. ఆమె పెళ్లి ఊరేగింపు పై వీధి నుంచి కింది వీధికి నడిచి వచ్చింది. కాళ్లు కూడా నొప్పి పుట్టలేదు. అంత దగ్గర పుట్టిల్లు.

మరుసటేడు కంచె వచ్చింది. ఇటువాళ్ల పొలాలు కంచెకూ గీతకూ మధ్య పడిపోయాయి.

పుట్టిల్లు ఇప్పటికీ కనిపిస్తుంది. పెంకులు కూడా లెక్కపెట్టొచ్చు. వెళ్లడమే కుదరదు.

కొత్తలో ఒకసారి పొలం నుంచి వస్తుంటే టవరు పిలిచింది. చిన్నప్పటి అలవాటు... ఆమె లాంతరు పైకెత్తేసింది! పక్కనే ఉన్న భర్త ఆమె చెయ్యి పట్టి కిందికి లాగేశాడు. ఆ రాత్రి ఆ మాట చెప్పుకుని ఇద్దరూ నవ్వుకున్నారు. ఊరంతా నవ్వుకుంది.

ఆయన పోయాక మాత్రం ఎవరూ నవ్వలేదు.

మూడేళ్ల కిందట ఇలాంటి సాయంత్రమే. కింద గేటు దగ్గర టవరు పిలిచింది. ఆయన లాంతరు పైకెత్తాడు.

ఢాం!

ఇటువైపు పుట్టినవాడు. బుద్ధెరిగినప్పటి నుంచీ దించినవాడు. ఎందుకు ఎత్తాడు?

ఊరు ఒక్క పూటలో తేల్చేసింది. అవతలి పిల్ల. ఆమె చేతి అలవాటే వాడికీ అంటుకుంది.

అత్తగారు అదే మాట రోజూ అంటుంది. అన్నం పెట్టినప్పుడు అంటుంది, చీర ఆరేసినప్పుడు అంటుంది. "నీ చేతి అలవాటే నా కొడుకును మింగింది." చిన్నకొడుకు శవం ఇంటికి వచ్చిన రోజు నుంచి ఆవిడ గడప దాటలేదు. 

చిన్నకోడలు ఎదురు చెప్పలేదు. ఎందుకంటే, తనూ అదే నమ్మింది.

* * *

"మత్తు బిళ్లలక్కా." వాము లోపలి నుంచి తమ్ముడి గొంతు. "మూటలు కట్టి తూములో తోసేవాళ్లం. ఇటు ఎవరో అందుకునేవాడు. చెయ్యి తప్ప మొహం కనపడేది కాదు. నేనిక మొయ్యనన్నాను. అంతే, నా మీద పడ్డారు. తప్పించుకుని తూములో దూరాను. ఇటు తేలేసరికి..."

"తేలేసరికి?"

"ఎదురుగా వాడే! మొలకు తాళాల గుత్తి."

చిన్నకోడలి చేతిలో గుడ్డ ఆగింది.

ఈ ఊళ్లో తాళాల గుత్తి ఒక్కడికే ఉంది. పొద్దున్నే కంచె గేట్లు తీసేవాడు, దీపాలవేళకు మూసేవాడు. టవరు పోస్టు సిపాయిల హుకుం ఏదైనా ఇల్లిల్లూ తిరిగి చెప్పేవాడు. ఊరంతా 'తాళాలాయన' అంటుంది.

ఆమె మాత్రం బావగారూ అంటుంది.

"ఆయన నిన్ను చూశాడా?"

"చూశాడు. ఈలోగా టవరు కాల్చింది. వాడు విజిల్ ఊదాడు."

అప్పుడు గుర్తొచ్చింది ఆమెకు. పోయిన భర్త తన చివరి వారంలో అన్న మాట. అన్నం కలుపుకుంటూ, మామూలుగా... 'తూము కింద ఏవో మూటలున్నాయి. అన్నయ్య చెవిన వెయ్యాలి.'

వేసే ఉంటాడు.

ధన్! ధన్! ధన్!

వీధి తలుపు!

"లోపలికి జరుగు! తుమ్మినా చచ్చామే!"

* * *

ఇద్దరు సిపాయిలు. బూట్లతో సరాసరి వంటింట్లోకి. వెనక బావగారు, నుదుటి చెమట తుడుచుకుంటూ.

"ఎవడో దూరాడు ఊళ్లోకి. చూశావా?" పెద్ద సిపాయి గద్దించాడు.

"దీపాలు తుడుచుకుంటున్నానండీ."

నడవలో మంచం మీద అత్తగారు బఠానీలు ఒలుస్తోంది. పక్కనే నీళ్ల చెంబు. తల ఎత్తలేదు.

"ఏం ముసలమ్మా, ఎవరైనా వచ్చారా?"

"వచ్చారు."

చిన్నకోడలు గుడ్డను గుప్పిట్లో బిగించింది.

"మీరొచ్చారు. ఒలిచిన గింజల మీంచి నడిచారు. బూట్లు విప్పే అలవాటు మీ ఇళ్లలో లేదా నాయనా?"

చిన్న సిపాయి నవ్వు ఆపుకున్నాడు. పెద్ద సిపాయి పెరట్లోకి వచ్చాడు. తుపాకి గొట్టంతో గడ్డివామును పొడవబోయాడు...

"అటు నేను చూసే వచ్చాను సార్!" బావగారు అడ్డొచ్చాడు. "నా ఇల్లు, నాకు తెలీదా? పక్క వీధి చూడండి. కుక్కలు అక్కడ మొరుగుతున్నాయి."

బూట్లు వెళ్లిపోయాయి.

బావగారు వెళ్లలేదు.

నెమ్మదిగా వాము దగ్గరికి వచ్చాడు. వంగి నేల మీదున్న తడి బురదను చెప్పుతో చెరిపాడు. ఆమె వైపు చూసి నవ్వాడు.

"నీ తమ్ముడేగా?"

ఆమె వాముకు అడ్డంగా జరిగింది.

"భయపడకమ్మాయ్. నీ తమ్ముడంటే మన ఇంటి చుట్టమే. చుట్టాన్ని పట్టిస్తానా?"

"బావగారూ..."

"ఊళ్లో ఇల్లిల్లూ వెతుకుతారు. ఇక్కడ ఉంచలేం. కింద గేటు నేను తీసి ఉంచుతాను. బయటికి వచ్చి కంచె వెంటే నడిస్తే పక్కూరి గేటు. అక్కడున్నవాడు నా మనిషే. పొద్దున్నే పట్నం బస్సు ఎక్కిస్తాడు." తాళాల గుత్తి మొలకు బిగించుకున్నాడు. "మన ఇంటి లాంతరు ఇచ్చి పంపు. పొలం కూలీ అనుకుంటారు."

వాము లోపల ఊపిరి కూడా వినపడటం లేదు.

"గేటు దగ్గరికి చేరగానే విజిల్ వేస్తాను. అప్పుడు పంపు. ఆలస్యం చేశావో... నేను అబద్ధం ఆడానని వాళ్లకు తెలిస్తే ఈ కొంపకు నిప్పే. అమ్మ కూడా ఉంది, చూసుకో."

"సరేనండీ."

రెండడుగులు వేసి ఆగాడు బావగారు.

"ఆఁ... ఇంకోటి. టవరు పిలిస్తే లాంతరు దించమని చెప్తావేమో. దించొద్దను."

"మరి?"

"పైకెత్తమను. నిన్ననే రూలు మారింది. పోస్టులో చెప్పారు. రేపు ఊరంతా చెప్పాలి."

గోడ అవతల చీకట్లో ఒక దీపం ఆమె కళ్లలో మెదిలింది. మెల్లగా దిగిన దీపం. నేలను తాకిన దీపం. 'పో!' అనిపించుకున్న దీపం. ఇందాకే! ఇప్పుడే!

రూలు మారలేదు.

ఎప్పుడూ మారలేదు.

నడవలోంచి అత్తగారి గొంతు వచ్చింది. "ఏమిట్రా, ఏదో పైకెత్తమంటున్నావు?"

"ఏం లేదమ్మా. మూట. గడ్డి మూట."

బఠానీలు ఒలుస్తున్న చప్పుడు ఆగిపోయింది.

"నా లాంతరు నింపిపెట్టమ్మాయ్," అన్నాడు బావగారు. "మొహం కడుక్కుని వస్తాను."

* * *

అరుగు మీద లాంతరు. మూత తీసిన బుడ్డి. ఒక చేతిలో కిరసనాయిలు సీసా.

రెండో చేయి కుండ మీదికి పోయింది. నీళ్ల కుండ మీదికి.

అడుగున నీళ్లు పోసి, పైన కాస్త నూనె వెయ్యాలి. వత్తికి పట్టిన నూనె ఉన్నంతసేపు దీపం చక్కగా వెలుగుతుంది. కింద గేటు దాకా వెలుగుతుంది. తర్వాత చిటపట... ఆ తర్వాత చీకటి.

కింద గేటు పల్లంలో ఉంది. సెర్చిలైటు అక్కడిదాకా పోదు. దీపం ఆరితే వాళ్లు ఆరిన చోటికే గురిపెడతారు.

ఎవరికి తెలుస్తుంది?

మూడేళ్లు! మూడేళ్లు తన చేతిని తనే అసహ్యించుకుంది. ఈ చెయ్యే చంపిందని! అన్నం ముద్ద నోట్లో పెట్టుకుంటుంటే ఈ చెయ్యేనని!

కుండ వంగింది. నీళ్ల చుక్క ఒకటి బుడ్డి అంచున నిలబడి వణుకుతోంది.



'ఈ చెయ్యి ఎవరినీ చంపలేదు,' అనుకుంది. 'ఇప్పుడే తెలిసింది నాకు. ఇవాళే మళ్లీ...'

కుండ కింద పెట్టేసింది.

చుక్కను కొంగుతో తుడిచింది. బుడ్డి నిండా నూనె పోసింది. గాజు తొడిగింది. రోజూ పెట్టేచోటే, నడవ గడప పక్కన, మంచానికి చేరువలో పెట్టింది.

"ఏమైందే నీకు? చేతులట్లా వణుకుతున్నాయి?" అత్తగారు.

"ఏం లేదు అత్తయ్యా. చలి."

"చలా? ఈ ఉక్కలోనా?"

ఆమె పెరట్లోకి పరుగెత్తింది. వాములోకి సగం దూరింది.

"ఒరేయ్! విన్నావా ఆయన చెప్పింది?"

"విన్నాను. పైకెత్తమన్నాడు. మంచిదేగా, మా వైపు అదే అలవాటు..."

"ఎత్తితే చస్తావు! మీ బావ అలాగే చచ్చాడు!"

చీకట్లో వాడి కళ్లు పెద్దవయ్యాయి.

"అంటే... బావను..."

"నువ్వు కదలొద్దు. విజిల్ వినపడినా కదలొద్దు."

"నేను వెళ్లకపోతే సిపాయిల్ని తీసుకొస్తాడక్కా. నిన్నూ పట్టుకుంటారు."

"రానీ! పోస్టు పెద్దకు నేనే చెప్తాను."

"అవతలి పిల్ల మాట ఎవడు నమ్ముతాడే!"

ఆమె గడ్డిని వాడి మీదికి లాగింది.

వీధి తలుపు చప్పుడైంది. బావగారు లాంతరు తీసుకుని వెళ్లిపోయాడు.

* * *

గోడ దగ్గర నిలబడింది. కంచె అవతల ఇప్పుడు ఒకే ఒక్క దీపం.

బావగారి దీపం. నిదానంగా, మోకాలెత్తున, ఏ తొందరా లేకుండా. తన చేత్తో తుడిచిన గాజు. ఎంత తేటగా వెలుగుతోందో!

పల్లంలోకి దిగింది. కింద గేటు చేరింది.

విజిల్!

తమ్ముడు లేవబోయాడు. ఆమె భుజం పట్టి నొక్కేసింది.

మళ్లీ విజిల్. ఈసారి విసుగ్గా.

టవరు మైకు మేలుకుంది.

"ఎవరదీ...?"

దీపం దిగాలి. దిగుతోంది. సగం దాకా వచ్చింది...

ఒక్కసారి ఎర్రబడింది.

మిణుక్... మిణుక్...

ఆరిపోయింది!

"ఎవరదీ!?"

చీకటి. పల్లంలోంచి సన్నగా ఓ కేక. "నేనే! నేనే సార్! తాళాలాయన్ని...!"

ఆ కేక ఊరందరికీ వినపడింది. టవరుకు వినపడలేదు.

ఢాం!

ఢాం!

ఇక కేక లేదు.

చిన్నకోడలు తన చేతుల్ని చూసుకుంది. రెండు చేతులూ తిప్పి తిప్పి చూసుకుంది. నిండా నూనె పోసింది. తనే పోసింది. ఒక్క చుక్క నీరు కూడా... తుడిచేసింది కదా!

నడవలోకి పరుగెత్తింది.

కిరసనాయిలు వాసన. గుప్పున.

మంచం కింద నుంచి నడవ నీళ్లు పోయే తూము వైపు నూనె చార పాకుతోంది. అత్తగారి చీర కుచ్చెళ్లు తడి. మంచం పక్కన చెంబు బోర్లా పడి ఉంది. చుక్క నీరు లేదు.

బఠానీలు సగంలోనే ఉన్నాయి.

"అత్తయ్యా...!"

ముసలామె ఆమె వైపు చూడలేదు. తన తడి చేతుల్నే చూసుకుంటోంది.

"ఆ రోజూ మూటేనన్నాడు," అంది.

"ఏమిటి?"

"చిన్నోడు బయలుదేరుతుంటే పెద్దోడు చెవిలో ఏదో చెప్పాడు. పైకెత్తు, మరిచిపోకు అని. ఏమిట్రా అన్నాను. మూటమ్మా, గడ్డి మూట అన్నాడు." గొంతులో ఏడుపు లేదు. "చిన్నోడు ఆ రోజు మూట తీసుకెళ్లలేదు. ఒట్టి చేతులతో వెళ్లాడు. లాంతరు ఒక్కటే. నేను చూశాను. చూసి కూడా..."

ఆగింది.

"మూడేళ్లు నిన్ను తిన్నాను."

చిన్నకోడలు గోడకు ఆనుకుంది. ఏం చెయ్యాలి? క్షమించాలా? కావలించుకోవాలా? ఒక్కటీ చేతకాలేదు. ఆ మాట కోసం ఎన్నాళ్లు ఎదురుచూసింది! వచ్చింది. వచ్చాక ఎక్కడ పెట్టుకోవాలో తెలియడం లేదు.

వీధిలో బూట్లు. పరుగులు. అరుపులు. అన్నీ కింద గేటు వైపే! సందు చివరి కాపలా కూడా అటే!

"ఒరేయ్! ఇప్పుడే! వీధి దారిన... రోడ్డు ఎక్కేసెయ్!"

తమ్ముడు గడ్డి దులుపుకుంటూ వచ్చాడు. అత్తగారిని చూసి ఒక్క క్షణం నిలబడ్డాడు.

"నువ్వూ వచ్చెయ్ అక్కా!"

"ఈవిణ్ణి ఎవరు చూస్తారురా?"

"ఇంకా ఆవిడేనా నీకు?"

"పోరా! పో!"

వాడు చీకట్లో కలిసిపోయాడు. అడుగుల చప్పుడు సందు చివరిదాకా వినపడింది. ఎవరూ ఆపలేదు. ఎవరూ కాల్చలేదు.

ఒక్కడు బతికాడు.

ఆమె తలుపు మూసి వెనక్కి తిరిగింది.

మంచం ఖాళీగా ఉంది.

పెరట్లో అగ్గిపుల్ల గీసిన చప్పుడు. ఇంటి లాంతరు వెలిగింది. ఇందాక తుడిచిన గాజులోంచి పచ్చటి వెలుగు. ఆ వెలుగులో అత్తగారు మూలనున్న చెప్పులు దులుపుతోంది. మూడేళ్ల దుమ్ము. ఒక కాలు తొడిగింది. గోడ పట్టుకుని రెండో కాలు.

"ఎక్కడికి అత్తయ్యా? ఇప్పుడు బయటికి పోకూడదు! కంచె వైపు అసలు పోకూడదు! అత్తయ్యా!"

వినపడనట్టే ఉంది.

"రేపు పొద్దున్నే నేను తీసుకెళ్తాను. ఇద్దరం వెళ్దాం. చూడు... నా మాట విను... సరే, పోతే పో! పిలిస్తే దించు! వింటున్నావా? దించాలి! నేలకు దించాలి!"

ముసలామె పెరటి గడప దగ్గర ఆగింది. వెనక్కి తిరిగి కోడలి మొహం వైపు చూసింది. చెయ్యి చాచి కోడలి అరచేతిని ఒకసారి పట్టుకుంది. ఇన్నాళ్లు తిట్టిన చెయ్యినే. వదిలేసింది.

గడప దాటింది.



కంచె దారి పట్టింది. టవరు ఇంకా పిలవనే లేదు.

లాంతరు అప్పటికే తల మీదికి ఎత్తి ఉంది.